స్క్రూల డబ్బా

12 జనవరి 2009

బెంగళూరు నుంచి నా కంప్యూటర్ షాపుకు పార్సిల్ వచ్చింది. రెండు సాలిడ్ స్టేట్ డ్రైవులు, ఒక ఉత్తరం, ఒక ఫారం, ఈ డైరీ. డ్రైవులు అమ్మాలి, ఫారం నింపి పంపాలి. డైరీని ఏం చేయాలో ఉత్తరంలో లేదు. ఫారంలో రాయడానికి వీల్లేనివి ఇందులో రాసుకుంటాను.

ఫారం పేరు మార్కెట్ ట్రెండ్ రిపోర్టు. నెలకొకటి పంపాలి. పదకొండు ప్రశ్నలున్నాయి. మొదటిది: మీ ప్రాంతంలో ఎన్ని వ్యాపార సంస్థలు రాబోయే నాలుగు క్వార్టర్లలో సాలిడ్ స్టేట్‌కు మారే ఆలోచనలో ఉన్నాయి? ధర్మవరంలో క్వార్టర్లీ అంటే పిల్లల పరీక్షలు. కాసేపు ఆలోచించి ‘అనేకం’ అని రాశాను.

మధ్యాహ్నం డిస్ట్రిబ్యూటర్ ఆఫీసు నుంచి ఏరియా మేనేజర్ ఈశ్వరప్ప ఫోన్ చేశాడు. “ఈ ఏడు మార్కెట్టంతా దీని మీదికే తిరుగుతాది నాగేశ్వరా. మార్చి లోపల రెండూ పోవల్ల. పోలేదనుకో, నీ డీలర్ బోర్డు హిందూపురం ఆయప్పకు ఇచ్చేస్తాము,” అన్నాడు. ఈయన బెదిరించినా, పిల్లలు బాగున్నారా అని అడిగినా గొంతు ఒకేలా ఉంటుంది.

20 జనవరి

మార్కెట్ సర్వే చేశాను. అంటే మూడు చోట్లకు నడిచి వెళ్లాను.

వేరుశనగ నూనె మిల్లు సుంకప్పకు మొత్తం వివరించాను. మామూలు హార్డ్ డిస్కులో పళ్లెం తిరుగుతుంది, దాని మీద సన్నని చేయి కదులుతుంది. అదురు తగిలితే పాడవుతుంది. ఇందులో తిరిగేది లేదు, కదిలేది లేదు. చప్పుడే చేయదు.

“కరెంటు లేకుండా నడుస్తాదా?” అన్నాడు సుంకప్ప.

నడవదన్నాను.

“మరి అదేం కొత్తదప్పా?”

ప్రైవేటు కాలేజీ ప్రిన్సిపాల్ దీన్ని చేతిలోకి తీసుకుని పేపర్ వెయిట్‌గా పెట్టి చూశాడు. ఫ్యాన్ గాలికి కాగితాలతో పాటు ఇదీ పక్కకు జరిగింది. లాడ్జి మేనేజరు ‘ఇప్పుడొద్దు’ అన్నాడు. ఎప్పుడో చెప్పలేదు.

రిపోర్టులో ‘మార్కెట్ ఆసక్తిగా గమనిస్తోంది’ అని రాశాను. అబద్ధం కాదు. ప్రిన్సిపాల్ చాలాసేపు గమనించాడు.

29 జనవరి

ఎవరూ రాలేదు.

4 ఫిబ్రవరి

గంగాధరప్ప ఇంటి నుంచి కబురు వచ్చింది. కంప్యూటర్ టక్కు టక్కుమంటోందట.

గంగాధరప్ప పట్టుచీరల షావుకారు. కింద చేతిమగ్గాలు ఎనిమిది, పక్క గదిలో కరెంటు మగ్గాలు నాలుగు, మేడమీద కంప్యూటర్. ఆ కంప్యూటర్ మీద డిజైన్లు వేసేది మా మామ కుళ్ళాయప్ప, అంటే నా భార్య ఉమాదేవి నాయన. నలభై ఏళ్లు గళ్ల కాగితం మీద పెన్సిలుతో చుక్కలు పెట్టిన మనిషి. ఏడేళ్ల కిందట ఆయనకు మౌస్ పట్టడం నేనే నేర్పాను. మొదటి నెల దాన్ని మగ్గం మీద నాడెలా ఈ చివరి నుంచి ఆ చివరికి విసిరేవాడు. ఇప్పుడు ఆ కంప్యూటర్‌లో, పాతవి గుర్తు తెచ్చుకుని మళ్లీ వేసినవీ కలిపి, ఆయన అంచులు, బుట్టాలు, పైట కొంగులు మూడు వందల నలభై మూడు ఉన్నాయి. ఒక్కొక్కదానికి నంబరే పేరు.

డిస్కు నిజంగానే టక్కుమంటోంది. ఎందుకనదు? కింద మగ్గాలు ఆడుతుంటే, నేను మాట్లాడుతుండగానే టీ గ్లాసు టేబుల్ అంచు దాకా నడిచి వచ్చింది. ఈ డిస్కు పదేళ్లయినా ఉండొచ్చు, రేపే పోవచ్చు అని చెప్పాను. తర్వాత బ్యాగులోంచి సాలిడ్ స్టేట్ తీశాను. ఇలాంటి అదురు ఉన్న ఇంటి కోసమే దీన్ని కనిపెట్టారేమో అనిపించింది. మొదటిసారి నేను చెబుతున్నది నాకే నమ్మకంగా వినబడింది.

గంగాధరప్ప దాన్ని పట్టు తూచే త్రాసులో పెట్టాడు. “ఎనబై గ్రాములు కూడా లేదే. దీనికి ఇంత రేటా?” అన్నాడు. ఈ ఊళ్లో బరువు లేనిదానికి ధర ఉండదు. అయినా వద్దనలేదు.

మామ కళ్లకు నీటికాసులు. మానిటర్‌కు జానెడు దూరంలో ముఖం పెట్టి పని చేస్తాడు. పోయిన చూపు తిరిగి రాదని, ఉన్నదాన్ని కాపాడుకోవడమేనని అనంతపురం డాక్టరు చెప్పాడు.

11 ఫిబ్రవరి

గంగాధరప్ప సరేనన్నాడు, ఒక షరతు మీద.

పాత డిస్కును బీరువాలో పెట్టుకోండి, ఒక కాపీ ఉంటుంది అని నేనన్నాను. కాపీ అన్న మాటకే ఆయన ముఖం మారిపోయింది.

“నాగేశా, నువ్వు ఈ ఊరోనివేనా?” అన్నాడు.

ఈ ఊరివాణ్ణే, కానీ మగ్గం ఇంటివాణ్ణి కాదు. మా నాయన రైల్వేలో పోర్టరు. అందుకే పెళ్లయ్యాక గానీ నాకిది తెలియలేదు. ఇక్కడ డిజైను షావుకారు చేతికి ఇచ్చాక గీసినవాడు చిత్తు కాగితాన్ని షావుకారు ఎదుటే పొయ్యిలో వేయాలి. మగ్గం మీద ఆడే, డిజైను చిల్లులున్న అట్టలు కూడా సీజను దాటితే పొయ్యిలోకే. రెండో కాపీ అంటే పక్కింటి మగ్గానికి పోయే కాపీ అని లెక్క. కాపీ పెట్టుకున్నాడని పేరొస్తే ఆ మనిషిని ఏ గడపా ఎక్కనివ్వరు. మామ నలభై ఏళ్లలో ఎన్ని కాగితాలు కాల్చాడో.

“పాతది నా కండ్ల ముందర పగలగొట్టల్ల. అట్లయితేనే కొత్తది ఎక్కిచ్చు,” అన్నాడు గంగాధరప్ప.

కొత్తదానికీ జబ్బు చేయొచ్చని నాకు తెలుసు. పత్రికలో చదివాను. మార్చి కూడా దగ్గర పడుతోంది. “అట్లే కానీండి,” అన్నాను.

24 ఫిబ్రవరి

అమావాస్య. మగ్గాలకు సెలవు. కొత్త వస్తువు ఎక్కించేది లేదన్నారు. రేపు.

25 ఫిబ్రవరి

పని అయిపోయింది. మూడు వందల నలభై మూడూ కొత్తదానిలోకి వచ్చాయి. కంప్యూటర్ అర నిమిషంలో లేచింది. చప్పుడు లేదు. గంగాధరప్ప డబ్బాకు చెవి ఆనించి, “బతికే ఉండాదా?” అని రెండుసార్లు అడిగాడు.

తర్వాత పాత డిస్కు. వాకిట్లో బండమీద పెట్టడానికి ముందు మామ చేయి చాపాడు. “ఒకసారి ఇట్లియ్యప్పా.” తీసుకుని రెండువైపులా బొటనవేలితో రుద్దాడు. చాలాసేపు. నాకు బాధేసింది. “ఊఁ. కొట్టు,” అని ఇచ్చేశాడు. సుత్తితో నాలుగు దెబ్బలు కొట్టాను. అందరూ చూశారు.

రిపోర్టులో: ధర్మవరం పట్టు రంగంలో తొలి సంస్థ మారింది.

26 ఫిబ్రవరి

నిన్న రాయనిది ఒకటి ఉంది.

నేను పగలగొట్టింది మామ డిస్కు కాదు. బ్యాగులో ఒక వకీలు కంప్యూటర్‌ది, చచ్చిపోయిన డిస్కు ఉండింది. దాని మీద నేనే మార్కర్‌తో ‘వకీలు’ అని రాసిపెట్టుకున్నాను. చేయి బ్యాగులోకి పోయింది, అదే వచ్చింది. రాత ఉన్న వైపు అరచేతిలోకి తిప్పుకున్నాను. మామ అడిగితే చేతికివ్వాల్సి వచ్చింది, కానీ ఆయనకు అంత చిన్న రాత కనబడదు.

ఎందుకు చేశానంటే, ఎనభై జీబీ డిస్కు. ఫార్మాట్ చేస్తే సెకండ్ హ్యాండ్‌లో పోతుంది. వ్యాపారం వ్యాపారమే.

పాత డిస్కు రేపు ఫార్మాట్ చేయాలి.

27 ఫిబ్రవరి

కరెంటు లేదు.

2 మార్చి

ఫార్మాట్ చేద్దామని కూర్చుంటే జిరాక్స్ షాపు వాళ్ల ప్రింటర్ వచ్చింది. డిస్కును స్క్రూల డబ్బాలో అడుగున పెట్టాను. బిస్కెట్ల డబ్బా, మూత గట్టిగా ఉంటుంది. రేపు చేయాలి.

9 మార్చి

డబ్బా తెరిచాను. డిస్కు మీద పసుపు, కుంకుమ బొట్టు ఉంది. మరిచేపోయాను. పోయిన ఆయుధపూజకు మామ పట్టుబట్టి కంప్యూటర్ మూత విప్పించి, “పని ఉండేది దీంట్లో గదా, దీనికే పెట్టల్ల,” అని డిస్కు మీదే దిద్దించాడు. గంధంలో తడిపిన బొట్టు. ఎండి పొరలా గట్టిగా ఉంది, వేలికి తెలుస్తుంది.

నేను పగలగొట్టినదానికి బొట్టు లేదు.

ఎవరూ గమనించలేదు. అందరూ సుత్తిని చూస్తున్నారు.

ఈరోజు ఫార్మాట్ చేసే మూడ్ లేదు.

30 మార్చి

రెండో డ్రైవు నా షాపు కంప్యూటర్‌లోనే పెట్టుకుని అమ్ముడైందని రాశాను. రెండుకు రెండూ పోయాయి. ఈశ్వరప్ప, “నూరు శాతం అప్పా! హిందూపురంలో సున్నా,” అన్నాడు. అదే గొంతు.

26 ఏప్రిల్

ఎండ. మధ్యాహ్నం షట్టర్ సగం దించుకుని కూర్చున్నాను. రేపు తప్పకుండా ఫార్మాట్ చేయాలి.

7 మే

పోయింది.

ఉదయం పది గంటలకు కరెంటు పోయి, వచ్చి, మళ్లీ పోయిందట. జనరేటర్ వేశారట. కంప్యూటర్ ఆన్ చేస్తే డిస్కు లేదంటోంది. నేను వెళ్లి వైర్లు మార్చాను, నా షాపుకు తెచ్చి పెట్టాను, ఊది చూశాను. లేదు. పాత డిస్కు పోయేముందు మూలిగేది, గీసేది, నాలుగు రోజులు గడువిచ్చేది. ఇది పొద్దున బాగుంది, పది గంటలకు లేదు.

గంగాధరప్ప కేకలేయలేదు. వేసి ఉంటే బాగుండేది. “చప్పుడు చెయ్యదు అంటివి. సచ్చేటప్పుడు గూడా చెయ్యదని చెప్పకపోతివే,” అన్నాడు.

మామ కుర్చీలో కూర్చుని మౌస్ మీద చేయి వేసుకునే ఉన్నాడు. మానిటర్ నల్లగా ఉందని నేను చెప్పేదాకా ఆయనకు తెలియలేదు.

8 మే

ఈశ్వరప్పకు ఫోన్ చేశాను. వారంటీలో కొత్త పీసు పంపుతారట. మరి డేటా అన్నాను. “డేటా కస్టమర్ జవాబుదారీ అప్పా. కాపీ పెట్టుకోమని పెట్టె మీద రాసుంటాదే.”

చూశాను. పెట్టె అడుగున, చీమ తల కన్నా చిన్న అక్షరాల్లో ఉంది.

చెడిపోయినదాన్ని బెంగళూరుకు పంపితే ఏమైనా తీయగలరేమోనని గంగాధరప్పను అడిగాను. “నా డిజైన్లు బెంగళూరోళ్లు చూడల్లనా?” అన్నాడు. అయిపోయింది.

డబ్బా విషయం ఆలోచించడం లేదు.

10 మే

డబ్బా విషయమే ఆలోచిస్తున్నాను.

ఇస్తే, ‘కాపీ పెట్టుకున్నాడు’ అంటారు. ఈ ఊళ్లో నాకు కంప్యూటర్ ముట్టుకునే గడప మిగలదు. అల్లుడు దాచాడంటే మామ దాయించాడనే అనుకుంటారు. ఆయన నలభై ఏళ్ల పేరు పోతుంది. ఇవ్వకపోతే, ఆయన నలభై ఏళ్ల పని పోతుంది. ఇంకో నలభై ఏళ్లు లేవు, ఆ కళ్లూ లేవు.

ఇది రాసి లెక్క తేలుతుందేమో అనుకున్నాను. తేలలేదు.

12 మే

మామ షాపుకు వచ్చాడు. ఎప్పుడూ రాడు. స్టూల్ మీద కూర్చుని టీ తాగాడు. తర్వాత చేయి చాపి స్క్రూల డబ్బా మీద వేశాడు.

“దీంట్లో ఏముండాది?”

“స్క్రూలు మామా.”

ఎత్తి చూశాడు. “బరువుగా ఉండాదే.”

“పెద్ద స్క్రూలు.”

“ఊఁ,” అని దాన్ని ఉన్నచోటే పెట్టి వెళ్లిపోయాడు.

13 మే

మళ్లీ వచ్చాడు. టీ తాగాడు. డబ్బా వైపు చూసి, “స్క్రూలు పనికొస్తాయిలే,” అన్నాడు. వెళ్లిపోయాడు. పాపం, పని లేక తోచడం లేదు.

16 మే

ఉమాదేవి మధ్యాహ్నం పుట్టింటికి వెళ్లి వచ్చింది. చెప్పులు విప్పకుండానే గుమ్మంలో నిలబడి చెప్పింది.

“శ్రావణం పెండ్లిళ్లకు రెండు నూర్ల పదారు నంబరు కావల్లంట. గంగాధరప్ప మళ్లీ గీయమని చెప్పినాడు. మా నాయన పొద్దన్నుంచి గళ్ల కాగితం మీద కూచోనుండాడు. చుక్కలన్నీ గళ్ల బయట పెడతాండాడు. బాగుందా ఉమా అని నన్నే అడిగినాడు. బాగుంది నాయనా అంటి. ఏం జేసినావయ్యా నువ్వు మా నాయన్ని?”

ఆ కాగితం తెచ్చింది. చూశాను. హంస మెడ ఉండాల్సిన చోట చుక్కలు గడుల గీతల మీద, పక్క గడిలో, ఒక్కోచోట ఒకదాని మీద ఒకటి. ఏడేళ్ల కిందట ఆయన మౌస్ విసిరినప్పుడు నేను నవ్వేవాణ్ణి. ఈరోజు బాత్రూంలో నీళ్లు వదిలి ఏడ్చాను.

ఫార్మాట్ ఎందుకు చేయలేదో ఇప్పుడు రాస్తాను. సెకండ్ హ్యాండ్ ధర కోసం కాదు, కరెంటు లేక కాదు. ఆయన చేతి పనిని నా చేత్తో తుడిచేయలేకపోయాను. అంతే.

19 మే

కొత్త పీసు వచ్చింది. డబ్బాలోంచి పాత డిస్కు తీసి తగిలించాను. టక్కుమంది. టక్కు, టక్కు, ఆగింది, మళ్లీ టక్కు. అంత మంచి చప్పుడు నేను వినలేదు. రెండు గంటలు పట్టింది. మూడు వందల నలభై మూడూ కొత్తదానిలోకి ఎక్కాయి.

ఉపాయం తోచింది. రేపు కొత్తది తగిలించి, చెడిందనుకున్నది మళ్లీ బాగుపడింది అంటాను. ఎవరికీ ఏమీ తెలియదు. అందరూ బాగుంటారు. ఇంత సులువైనది పన్నెండు రోజులు ఎందుకు తట్టలేదో.

20 మే

అంతా పాడు చేశాను.

వెళ్లేసరికి గంగాధరప్ప మేడమీద నలుగురు పెద్దమనుషులు ఉన్నారు. డిజైన్లు పోయిన నష్టం ఎవరిదో తేల్చడానికి పిలిపించాడట. లింగప్ప షావుకారు మంచం మీద, మిగతావాళ్లు చాప మీద. మామ గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. కొత్తది నా బ్యాగులో ఉంది. కాపీలో ఏదైనా తేడా వస్తే చూసుకుందామని పాతదీ ఉంది.

నోరు తెరిచి ‘బాగుపడింది’ అనబోతున్నాను. లింగప్ప ముందుగా మాట్లాడాడు. “పోయిందని అందరూ ఏడుస్తాండారు గానీ, నలబై ఏండ్లు గీసినోడు ఒక్క చిత్తన్నా ఎత్తిపెట్టుకోకుండా ఉంటాడా గంగాధరప్పా? అడుగు.”

మామ గోడ వదిలి ముందుకు వచ్చాడు. “చౌడమ్మ తల్లి సాక్షి. నా దగ్గర ఒక్క గీత గూడా లేదు.”

లింగప్ప నవ్వాడు.

ఆ నవ్వు వల్లే. ఇంకేం కాదు. ఆ చుక్కల కాగితం కళ్ల ముందు ఉంది, ఈయన నవ్వుతున్నాడు. “ఆయన పెట్టుకోలేదు, నేను పెట్టుకున్నాను,” అన్నాను. పాత డిస్కు తీసి చాప మీద పెట్టాను. ఫిబ్రవరిలో పగలగొట్టింది వేరేదని, ఇది మూడు నెలలుగా నా స్క్రూల డబ్బాలో ఉందని, మామకు ఏమీ తెలియదని, అన్నీ చెప్పాను. గట్టిగా చెప్పాను. కింద మగ్గాల వాళ్లకు కూడా వినబడి ఉంటుంది, ఎందుకంటే మగ్గాలు ఆగిపోయాయి.

మామ కళ్లు మూసుకున్నాడు.

గంగాధరప్ప డిస్కు తీసుకుని బొట్టు మీద వేలు పెట్టాడు. ముందు కొత్తది ఎక్కించమన్నాడు. ఎక్కించాను. రెండు వందల పదహారు తెరిచాను. మామ ముఖం మానిటర్‌కు ఆనించినంత దగ్గరగా పెట్టి, హంస మెడ వెంట వేలు నడిపి, “ఇదే,” అన్నాడు.

అప్పుడు గంగాధరప్ప నా వైపు తిరిగాడు. “నలుగురి ముందర చెప్తివి. ఇంక నన్నేం చెయ్యమంటావు?” అన్నాడు. కోపం కన్నా విసుగే ఎక్కువగా ఉంది. “ఇంక మా గడప తొక్కొద్దు.” డిస్కు పట్టుకుని వంటింట్లోకి వెళ్లాడు. రోటి బండ మీద నాలుగు దెబ్బలు వినబడ్డాయి. పళ్లెంలో ముక్కలు తెచ్చి అందరికీ చూపించాడు. నేనూ చూశాను. పెద్దమనుషులు తలాడించి లేచారు.

21 మే

షాపు తెరవలేదు.

25 మే

మామ వచ్చాడు. స్టూల్ మీద కూర్చున్నాడు. టీ తెప్పించాను, ముట్టుకోలేదు.

“నీకు చదువు ఎక్కువాయె, బుద్ధి తక్కువాయె,” అన్నాడు.

తప్పయిపోయింది, కాపీ పెట్టుకోకూడదు అన్నాను.

“పెట్టుకునేది తప్పని ఎవురు చెప్పినారు? చెప్పేది తప్పు. ఆ పొద్దు నా చేతికిచ్చినావే, దానికి బొట్టుండిందా? నా కండ్లు పోయినాయి గానీ బొటనేలు పోయిందా?”

“నీకు తెలుసా మామా?”

“తెలిసే గదా కొట్టమనింది. నువ్వు పెట్టినావు గదా అనే నేను నిమ్మళంగా ఉంటి. గంగాధరప్పకు మాత్రం కండ్లు లేవా? బొట్టు లేనిది వాడూ చూసినాడు. వానికీ కావల్ల గదా, పోతే యాడ తెస్తాడు? అడగలేడు, నువ్వు ఇయ్యకుండా ఉండవని కూచోనుండాడు. రెండు దినాలు వచ్చి నీ డబ్బా ముందర టీ తాగితి. నువ్వేమో పెద్ద స్క్రూలంటివి.”

“మరి అడగొచ్చు కదా?”

“అడిగితే నువ్వు చెప్పల్ల గదా!” ఆయనకు నా మీద జాలి కలిగినట్టుంది. టీ తీసుకుని తాగాడు. “చెప్పకుండా ఎక్కిచ్చి, బాగుపడిందని పోయింటే సరిపోయేది. నాకోసరం నోరు తెరిస్తివి. అది నాకు తెలుసులే.” లేచి, వెళ్లేముందు నా భుజం మీద చేయి వేశాడు. ఎందుకో చాలాసేపు తీయలేదు.

ఉమాదేవికి ఇదంతా చెప్పాను. “ఈ మాత్రం మాయమ్మ గూడా చెప్పుండేది, నువ్వు అడగలేదు,” అంది.

30 జూన్

ఈ నెల ధర్మవరంలో నన్ను పిలిచిన మగ్గం ఇల్లు లేదు. రెండు కాలేజీ కంప్యూటర్లు, ఒక ఫోటో స్టూడియో. రిపోర్టులో ‘మార్కెట్ ఏకీకరణ దశలో ఉంది’ అని రాశాను. ఈ మాట కంపెనీ పత్రికలోదే. అర్థం నాకు తెలియదు, ఈశ్వరప్ప అడగలేదు.

22 జూలై

అమావాస్య. మధ్యాహ్నం షట్టర్ సగం దించి ఉంటే లింగప్ప షావుకారు వంగి లోపలికి వచ్చాడు. ఆ రోజు నవ్విన లింగప్పే. అటూ ఇటూ చూశాడు.

“గంగాధరప్ప ఇంట్లో ఎక్కిచ్చినావే, చప్పుడు చెయ్యనిది. అది మా ఇంట్లో ఒకటి పెట్టల్ల.”

సరేనన్నాను.

“పాతది నలుగురి ముందర పగలగొట్టల్ల.”

“అట్లే.”

ఆయన కదల్లేదు. స్క్రూల డబ్బా వైపు చూశాడు. “పగలగొట్టేది నువ్వు తెస్తావా, నన్ను తెమ్మంటావా?”

“నేనే తెస్తాను,” అన్నాను. ఈసారి ఇంకేమీ అనలేదు.

31 ఆగస్టు

శ్రావణంలో నాలుగు ఇళ్లు. చచ్చిన డిస్కుల కోసం అనంతపురం వెళ్లి పాత సామాన్ల వాడి దగ్గర ఏడు కొన్నాను. బాగు చేయడానికా అని అడిగాడు. కాదన్నాను.

రిపోర్టు: పట్టు రంగంలో సాలిడ్ స్టేట్ వాడకం వేగంగా పెరుగుతోంది. పెరగడానికి కారణం అన్న ప్రశ్న దగ్గర, ‘నమ్మకం’ అని రాశాను. రాయలసీమ మొత్తంలో నాదే ముందట. ఏం చేస్తున్నావో మిగతా డీలర్లకు చెప్పమని ఈశ్వరప్ప అడిగాడు. చెప్పేదేమీ లేదన్నాను.

గంగాధరప్ప బజారులో ఎదురుపడితే తల తిప్పుకుంటాడు. నేనూ తిప్పుకుంటాను.

27 సెప్టెంబర్

ఆయుధపూజ. షాపు కడిగి, మానిటర్లకు, స్క్రూడ్రైవర్లకు బొట్లు పెట్టాం. ఉమాదేవి గుమ్మడికాయకు కుంకుమ పూస్తుండగా మామ వచ్చాడు. గోడ పట్టుకుని మెట్టెక్కాడు. చూపు ఇంకా తగ్గింది. చంకలో పాత పట్టు గుడ్డలో చుట్టిన చిన్న మూట ఉంది.

“గంగాధరప్ప ఇంట్లో బీరువా సర్దుతాంటే పనికిరానిది ఒకటి దొరికిందంట. యాడన్నా పారెయ్ కుళ్ళాయప్పా అన్నాడు. యాడ పారేసేది, నీ డబ్బాలో ఉంటాదిలే,” అన్నాడు.

గుడ్డ విప్పలేదు. చేతిలోకి తీసుకుంటేనే తెలిసింది. బట్ట మీది నుంచే బొటనవేలికి బొట్టు గరుకు తగిలింది.

మే ఇరవైన పళ్లెంలో ముక్కలు చూశాను కదా. ఒక ముక్క మీద నా చేతిరాతతో ‘వకీ’ అని ఉండింది. ఫిబ్రవరిలో నేను పగలగొట్టిన ముక్కల్ని గంగాధరప్ప దాచిపెట్టుకుని, ఆ రోజు వంటింట్లోంచి అవే తెచ్చి చూపించాడు. ఆ పూట అది చూసి కూడా నేను ఏమీ అనలేదు. ఈ డైరీలో కూడా రాయలేదు.

“ఏముంది నాయనా అందులో?” అంది ఉమాదేవి.

“స్క్రూలు,” అన్నాం ఇద్దరం.

ఆమె మా ఇద్దరినీ చూసింది. డబ్బా మూత మీద పసుపు రాసి, పెద్ద బొట్టు పెట్టి, హారతి ఇచ్చింది. మామ కళ్లకద్దుకున్నాడు.

పాత డిస్కు రేపు ఫార్మాట్ చేయాలి.